వకాల్తా ఎవరిది? బాలయోగి గారి గురించి లా విద్యార్థులతో కాసేపు

అందరికీ నమస్కారం. వెనక వరసలో ఫ్యాన్ కింద కూర్చున్నవాళ్ళకి వినిపిస్తోందా? సరే, వినిపించకపోయినా చెయ్యి ఎత్తరు, నాకు తెలుసు, నేనూ అక్కడే కూర్చునేవాణ్ణి.

నాకిచ్చిన టాపిక్ ‘న్యాయవాదులు, చట్టసభలు’. ఆహ్వాన పత్రం మీద చూసి నాకే భయం వేసింది. ప్రకాశం పంతులు గారి దగ్గర మొదలుపెడితే రాత్రి భోజనాల వేళ దాకా లాగొచ్చు, మీరు ముహూర్తం ఎప్పుడు దాటుతుందా అని పురోహితుడి వైపు చూసినట్టు నా వైపు చూస్తూ ఉంటారు. అందుకని ఒక్క మనిషి గురించే చెప్తాను. మీలో చాలామందికి ఆయన హైదరాబాద్ గచ్చిబౌలిలో ఒక స్టేడియం పేరుగా తెలుసు. జి.ఎం.సి. బాలయోగి. గంటి మోహనచంద్ర బాలయోగి గారు.

1951 అక్టోబర్ 1న పుట్టారు, ఊరు యెదుర్లంక. కోనసీమ వాళ్ళకి చెప్పక్కర్లేదు, మిగతావాళ్ళకి చెప్తాను: గౌతమి గోదావరి ఒడ్డున ఉంటుంది, అవతల ఒడ్డు యానాం. ఇప్పుడైతే బ్రిడ్జి మీద టూ వీలర్ మీద పాట పాడుకుంటూ వెళ్ళిపోతారు గానీ, అప్పట్లో కాకినాడ వెళ్ళాలంటే ఏరు దాటాలి. పంటు ఎక్కాలి. పంటు మీద మనుషులు, సైకిళ్ళు, కొబ్బరికాయల బస్తాలు, పక్కన ఒక గేదె, అన్నీ కలిసే వెళ్తాయి. అవతల ఒడ్డున ఉంటే ఇటు రావాలి, ఇటున్నది నిండాలి, అప్పుడు కదులుతుంది. కోర్టులో పదిన్నరకి కాల్ వర్క్, అంటే కేసులు పిలవడం మొదలని పంటుకి తెలియదు కదా! ఈ పంటు సంగతి ఎందుకు చెప్తున్నానంటే, చివర్లో మళ్ళీ దాని దగ్గరికే వస్తాం.

చిన్న వ్యవసాయ కుటుంబం, దళిత కుటుంబం. ఆంధ్రా యూనివర్సిటీలో పీజీ, లా చేసి 1980లో కాకినాడలో ప్రాక్టీసు మొదలుపెట్టారు, అందరిలాగే ఒక సీనియర్ దగ్గర జూనియర్‌గా. జూనియర్ అంటే ఏమిటో మీకు ఇంకా తెలియదు, తెలుస్తుంది. పొద్దున్నే సీనియర్ ఆఫీసుకెళ్ళి గుమాస్తా తీసిచ్చిన కట్టలు మొయ్యాలి, బెంచ్ క్లర్కుతో మంచిగా ఉండాలి, కేసు పిలిస్తే లేచి నిలబడి “సీనియర్ గారు పై కోర్టులో ఉన్నారు, పాస్ ఓవర్ ఇప్పించండి” అనాలి, అంటే కాసేపాగి మళ్ళీ పిలవమని. మే నెలలో నల్లకోటు. నేను మొదటి ఏడాది కోర్టులో మాట్లాడిన వాక్యం అదొక్కటే, సుమారు మూడొందల సార్లు మాట్లాడి ఉంటాను. ఒకసారి సీనియర్ గారు నా పక్కనే నిలబడి ఉండగా కూడా అలవాటులో అదే అనేశాను, జడ్జి గారు ఆయన వంకా నా వంకా చూసి నవ్వారు, ఆయన మాత్రం నవ్వలేదు.

సరే. 1985లో ఆయన ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్‌గా ఎంపికయ్యారు. ఇక్కడ కాస్త ఆగండి. ఐదేళ్ళ ప్రాక్టీసు, లంక ఊరి నుంచి వచ్చిన కుర్రాడు, మేజిస్ట్రేట్ పోస్టు. ఆ రోజుల్లో ఇంట్లో ఎవరికైనా ఆ ఉద్యోగం వస్తే ఊరంతా స్వీట్లు పంచేవాళ్ళు, ఇప్పటికీ పంచుతారు. ఆయన ఎంతోకాలం చెయ్యకుండానే రాజీనామా చేసి, మళ్ళీ వచ్చి బార్‌లో కూర్చున్నారు. డయాస్ మీద కుర్చీ వదిలేసి కింద ప్లాస్టిక్ కుర్చీలోకి. పదమూడేళ్ళ తర్వాత ఆయన ఎక్కిన కుర్చీ ఏదో తెలుసు కాబట్టి నాకిది చాలా తమాషాగా అనిపిస్తుంది.

మధ్యలో రాజకీయం త్వరగా చెప్పేస్తాను, ఎందుకంటే ఇందులో పెద్ద విశేషం లేదు, ఓపిక ఉంది అంతే. మండల వ్యవస్థ వచ్చిన కొత్తలో, 1987లో, తెలుగుదేశం తరఫున తూర్పుగోదావరి జిల్లా పరిషత్ చైర్మన్. అప్పుడు ఆ పదవికి జనమే నేరుగా ఓటేశారు, మన పెద్ద జిల్లా మొత్తం. 1991లో అమలాపురం నుంచి లోక్‌సభకి. 1996లో ఓడిపోయారు. అదే ఏడాది ఉప ఎన్నికలో ముమ్మిడివరం నుంచి అసెంబ్లీకి వెళ్ళి రాష్ట్రంలో ఉన్నత విద్యా శాఖ మంత్రి అయ్యారు. 1998లో మళ్ళీ అమలాపురం ఎంపీ.

ఇప్పుడు అసలు విషయం. మీరు రేపు ప్రాక్టీసులోకి వచ్చాక మొట్టమొదట పట్టుకునే కాగితం వకాల్తానామా. క్లయింటు దాని మీద సంతకం పెట్టాక అతని కేసు మన కేసు. అతను మంచివాడా చెడ్డవాడా అన్నది మన పని కాదు, అది తేల్చడానికి పైన ఇంకొకాయన ఉన్నారు. మనం అతని తరఫు. ఇంతవరకు స్పష్టంగా ఉంది. మరి లాయరు ఎంపీ అయితే, ఎవరి వకాల్తా పుచ్చుకున్నట్టు? ఓట్లేసిన అమలాపురం జనానిదా? బీ ఫారం ఇచ్చిన పార్టీదా? మామూలు రోజుల్లో ఈ ప్రశ్న రాదు, ఇద్దరూ ఒకే క్లయింటు అన్నట్టు నడిచిపోతుంది. విప్, అంటే ఇటే ఓటెయ్యాలని పార్టీ ఆదేశం జారీ అయిన రోజు మాత్రం సంగతి బయటపడుతుంది, రాజ్యాంగంలో ఫిరాయింపుల మీద పదో షెడ్యూలు ఉంది కదా, విప్ ధిక్కరిస్తే సీటు ఊడుతుంది. మరి అదే ఎంపీని తీసుకెళ్ళి స్పీకర్ కుర్చీలో కూర్చోబెడితే? అప్పుడు చేతిలో వకాల్తా ఉండకూడదు. ఎవరిదీ ఉండకూడదు. ఆ షెడ్యూలు రాసినవాళ్ళకి కూడా ఇది తెలుసు. అందుకే స్పీకర్‌గా ఎన్నికైనవాడు పార్టీ సభ్యత్వం వదిలేసుకున్నా అనర్హత రాదని దాంట్లోనే ఒక పేరా పెట్టారు. ఎంతమంది వదిలేసుకున్నారు అని అడగకండి, టీ టైమ్ దాటిపోతుంది.

1998 మార్చి. వాజ్‌పేయి గారికి సొంత మెజారిటీ లేదు. తెలుగుదేశానికి 12 మంది ఎంపీలు. అంతకుముందు యునైటెడ్ ఫ్రంట్‌లో ఉన్న పార్టీ, బయట నుంచి మద్దతు ఇవ్వడానికి ఒప్పుకుంది. స్పీకర్ పదవి తెలుగుదేశానికి వచ్చింది. అటువైపు నుంచి సంగ్మా గారి పేరు పెట్టారు, అప్పటిదాకా స్పీకర్ ఆయనే, సభని నవ్విస్తూ నడిపిన మనిషి, టీవీలో దేశమంతా చూసింది. ఇటు నుంచి బాలయోగి. ఢిల్లీలో చాలామందికి ఆ పేరు పలకడం కూడా కొత్త. మార్చి 24న ఎన్నికయ్యారు. అప్పటికి 46 ఏళ్ళు. లోక్‌సభకి మొదటి దళిత స్పీకర్. ఆ కుర్చీలో కూర్చున్నాయన గురించి అప్పుడు చాలామంది అన్నది ఒకటే, పొత్తు లెక్కల్లో వచ్చిన పదవి అని. పొత్తు లెక్కల్లోనే వచ్చింది, అబద్ధం కాదు. కానీ జడ్జి పోస్టు ఎలా వచ్చిందన్నది ఒక ప్రశ్న, జడ్జిమెంటు ఎలా రాశాడన్నది ఇంకో ప్రశ్న.

జడ్జిమెంటు రాయాల్సిన రోజు 1999 ఏప్రిల్ 17. శనివారం. నేనప్పుడు మా బార్ అసోసియేషన్ గదిలో టీవీ ముందున్నాను. కారమ్స్ బోర్డు ఆపేసి మరీ చూశాం. ఎందుకంటే జయలలిత గారు మద్దతు తీసేశారు, రాష్ట్రపతి నారాయణన్ గారు బలం నిరూపించుకోమన్నారు, వాజ్‌పేయి గారు విశ్వాస తీర్మానం పెట్టారు, ఎవరికి ఎన్ని అన్నది దేశంలో ఎవరికీ తెలియదు. ఒక్కో ఓటూ వేళ్ళ మీద లెక్కపెడుతున్నారు. అప్పుడు సభలోకి గిరిధర్ గమాంగ్ వచ్చారు.

ఈయన కోరాపుట్ ఎంపీ, కాంగ్రెస్. కానీ రెండు నెలల క్రితమే, ఫిబ్రవరిలో, ఒరిస్సా ముఖ్యమంత్రిగా ప్రమాణం చేశారు. ఎంపీ పదవికి రాజీనామా చెయ్యలేదు. ముఖ్యమంత్రి వచ్చి లోక్‌సభలో ఓటేస్తాడా అని అధికార పక్షం గొడవ. మా బార్ రూమ్‌లోనూ గొడవే, నిజం చెప్పాలంటే అక్కడికన్నా ఎక్కువ గొడవ.

ఇప్పుడు మీరు రాజ్యాంగం తీయండి. నేను పరీక్ష పెట్టట్లేదు, కలిసి చూద్దాం. 101వ అధికరణం రెండో క్లాజు: ఒకే మనిషి పార్లమెంటులోనూ రాష్ట్ర శాసనసభలోనూ సభ్యుడుగా ఉండకూడదు. దానికి 1950లో రూల్స్ చేశారు, 14 రోజుల గడువు. బాగుంది. కానీ గమాంగ్ గారు ఒరిస్సా అసెంబ్లీ సభ్యుడా? కాదు. 164(4) ప్రకారం సభ్యుడు కాకుండానే ఆరు నెలలు మంత్రిగా ఉండొచ్చు, ఆయన ఆ ఆరు నెలల్లో ఉన్నారు. అంటే రెండు సభల సభ్యత్వం అన్నది అసలు రాలేదు. సరే, ముఖ్యమంత్రి పదవి లాభదాయక పదవి కదా, 102 కింద పడుతుందా? పడదు. ఆ అధికరణంలోనే వివరణ ఉంది, కేంద్రంలో గానీ రాష్ట్రంలో గానీ మంత్రి అయినంత మాత్రాన లాభదాయక పదవిలో ఉన్నట్టు కాదని. ఒకవేళ పడుతుందనే అనుకుందాం, అప్పుడు కూడా అనర్హుడని తేల్చేది ఎవరు? 103 చూడండి. రాష్ట్రపతి, ఎన్నికల సంఘం అభిప్రాయం తీసుకుని. స్పీకర్ కాదు. కుర్చీలో కూర్చుని “నువ్వు ఓటు వెయ్యకు” అనే అధికారం ఆయనకి లేదు.

పద్ధతిగా ఉందా అంటే లేదు. ఒక రాష్ట్రాన్ని పాలిస్తున్న మనిషి ఇంకో ఉద్యోగం కుర్చీ మీద తువ్వాలు వేసి ఉంచుకుని, అవసరం వచ్చినప్పుడు విమానం ఎక్కి వచ్చి కూర్చోవడం చూడ్డానికి బాగోదు. కానీ బాగోలేనిది వేరు, చెల్లనిది వేరు. ఈ తేడా తెలియకే సగం మంది క్లయింట్లు మన దగ్గరికి వస్తారు. “అన్యాయం కదండీ” అంటారు. అన్యాయమేనండీ, దావా వేస్తే మాత్రం నిలబడదు.

స్పీకర్ గారు ఆ విషయాన్ని గమాంగ్ గారి విచక్షణకి వదిలేశారు. ఆయన ఓటేశారు. మిషన్ మీద అంకెలు వచ్చాయి. అనుకూలం 269, వ్యతిరేకం 270. ఒక్క ఓటుతో ప్రభుత్వం పడిపోయింది.

మా గదిలో ఎవరో వెంటనే అన్నారు, “గమాంగ్‌ని ఆపి ఉంటే?” అని. బాగా ఆలోచించండి ఇక్కడ. ఆపి ఉంటే 269, 269. సమానం. సమానమైతే ఏమవుతుంది? 100వ అధికరణం. స్పీకర్ ముందుగా ఓటు వెయ్యకూడదు, సమానమైనప్పుడు మాత్రం నిర్ణాయక ఓటు ఆయనది. అంటే ప్రభుత్వం నిలవాలా పడాలా అన్నది యెదుర్లంక నుంచి వచ్చిన ఈ వకీలు చేతిలోకి వచ్చి ఉండేది. ఆయన పార్టీ ప్రభుత్వానికే మద్దతు. అప్పుడు ఆ ఓటు సంప్రదాయం ప్రకారం ఎటు వెయ్యాలన్నది వేరే లెక్చర్, దానికి బ్రిటన్ దాకా వెళ్ళాలి. లెక్క ఇలా వస్తుందని ఓటింగ్‌కి ముందు ఆయనకి తెలియదు, ఎవరికీ తెలియదు. ఒక్కో ఓటుకీ విలువ ఉందని మాత్రం అందరికీ తెలుసు. గమాంగ్‌ని ఆపమని అడుగుతున్నది తన వైపు వాళ్ళేనని కూడా తెలుసు.

ఇంకో లెక్క చెప్తాను, ఇది నాకు ఇష్టమైన లెక్క, జూనియర్లకి కాఫీ తాగేటప్పుడు చెప్తూ ఉంటాను. 1998లో ఆ కుర్చీలో బాలయోగి గారి బదులు సంగ్మా గారే కూర్చుని ఉంటే? అప్పటికి సంగ్మా గారు కాంగ్రెస్. స్పీకర్ కాబట్టి ఓటు వెయ్యరు, వ్యతిరేకంలో ఒకటి తగ్గుతుంది, 269. బాలయోగి గారు కింద బెంచీలో ఉంటారు, అనుకూలంలో ఒకటి పెరుగుతుంది, 270. ప్రభుత్వం నిలబడేది! అంటే ఏ పదవి ఇచ్చి మద్దతు కూడగట్టారో ఆ పదవే చివర్లో ఆ ఒక్క ఓటు తినేసింది. (నవ్వులు) నవ్వకండి, మిగతావన్నీ అలాగే జరిగి ఉంటే అనే షరతు మీద చెప్తున్నాను. ఆ రోజు నేషనల్ కాన్ఫరెన్స్ నుంచి సైఫుద్దీన్ సోజ్ తన పార్టీ మాట కాదని వ్యతిరేకంగా వేశారు, బీఎస్పీ వాళ్ళు వ్యతిరేకంగా వేశారు, ఎవరి ఓటుని పట్టుకున్నా “ఇదే ఆ ఒక్క ఓటు” అనొచ్చు. జనానికి గమాంగ్ గుర్తుండిపోయారు, అంతే.

ఇప్పుడు నా అభిప్రాయం. ఫలితం విషయంలో ఆయన చేసింది కరెక్టు. నాకు అందులో అనుమానం లేదు. చేసిన తీరు మాత్రం, ఒక లాయరుగా, నాకు పూర్తిగా నచ్చలేదు. విచక్షణకి, మనస్సాక్షికి వదిలేస్తున్నాను అంటే ఏమైంది? చట్టం ఏదో తేలనట్టు, ఆ మనిషి మర్యాద మీద ఆధారపడినట్టు వినిపించింది. తేలకపోవడమేమిటి, తేలింది! 101, 102, 103, 164, నాలుగు అధికరణాలు చదివి, ఈయన సభ్యుడే, సభ్యుడికి ఓటుంది, ఆపే అధికారం నాకు లేదు అని మూడు వాక్యాల రూలింగ్ ఇచ్చి ఉంటే ఇరవై ఏళ్ళ తర్వాత కూడా టీవీల్లో “స్పీకర్ ఆపి ఉండాల్సింది” అనేవాళ్ళ నోరు మూతపడేది. కారణాలు రాయని ఆర్డరు ఎంత మంచిదైనా అప్పీల్లో ఇబ్బంది పెడుతుంది. ఆ గోలలో, 540 మంది అరుస్తూ ఉంటే, అంత తీరిగ్గా రూలింగ్ ఇవ్వగలరా అంటారేమో. మాకు మున్సిఫ్ కోర్టులో ఇద్దరు ప్లీడర్లు ఒకేసారి మాట్లాడితేనే జడ్జి గారికి తలనొప్పి వస్తుంది, ఒప్పుకుంటాను.

ఆ పడిపోయినవాళ్ళే ఎన్నికల్లో మళ్ళీ గెలిచి వచ్చారు. తమ ప్రభుత్వం ఒక్క ఓటుతో పోయినప్పుడు కుర్చీలో ఉన్న మనిషినే అక్టోబర్ 22న మళ్ళీ స్పీకర్‌ని చేశారు, ఈసారి ఏకగ్రీవంగా. కోపం ఉంటే చేస్తారా? నేనైతే దీన్ని పై కోర్టు కన్ఫర్మ్ చేసినట్టు చదువుకుంటాను. కాదు, ఇదీ పొత్తు లెక్కే అంటారా, అనండి, మీ ఇష్టం.

రెండో విడతలో చేసిన పనుల్లో ఒకటి మీకు పరీక్షకి కూడా పనికొస్తుంది. మనకి కోర్టులో ‘వాయిదా’ అంటే అన్నం పెట్టే మాట. పార్లమెంటులో కూడా అదే మాట, కానీ అక్కడ వాయిదా పడితే దేశం పని ఆగిపోతుంది. పది మంది వెల్‌లోకి, అంటే స్పీకర్ కుర్చీ ముందున్న ఖాళీలోకి దూసుకొస్తే సభ వాయిదా. పాత 374 రూలు ప్రకారం ఎవరినైనా సస్పెండ్ చెయ్యాలంటే స్పీకర్ పేరు చదవాలి, తర్వాత తీర్మానం పెట్టాలి, సభ ఒప్పుకోవాలి. ఆ గొడవలో తీర్మానం ఎక్కడ పెడతారు? 2001 నవంబర్‌లో అన్ని రాష్ట్రాల సభాధ్యక్షుల్ని, ముఖ్యమంత్రుల్ని, పార్టీల నాయకుల్ని ఢిల్లీలో కూర్చోబెట్టి సభలో క్రమశిక్షణ గురించి సదస్సు పెట్టారు. డిసెంబర్‌లో 374ఏ వచ్చింది. వెల్‌లోకి వచ్చి గొడవ చేసే సభ్యుడి పేరు స్పీకర్ చదివితే చాలు, ఐదు సిట్టింగ్‌లు లేదా మిగిలిన సెషన్, ఏది తక్కువైతే అది, దానంతట అదే సస్పెన్షన్. అంతకుముందు 2000లో లోక్‌సభకి ఎథిక్స్ కమిటీ కూడా ఆయన హయాంలోనే వచ్చింది. 374ఏ వల్ల గొడవలు తగ్గాయా? మీరూ టీవీ చూస్తున్నారు కదా. అదీగాక ఇది రెండు వైపులా పదునున్న కత్తి, ఇలాంటి అధికారం వకాల్తా వదులుకోని మనిషి చేతిలో పడితే ఏమవుతుందో మీరు ఊహించగలరు.

ఆ రూలు వచ్చిన నెలలోనే, డిసెంబర్ 13న, పార్లమెంటు మీద దాడి జరిగింది. సభ వాయిదా పడిన కాసేపటికే, ఇంకా చాలామంది ఎంపీలు లోపలే ఉండగా. భద్రతా సిబ్బంది ప్రాణాలు అడ్డం పెట్టి తలుపులు మూశారు. ఆ సమయంలో ఆ భవనానికి పెద్ద దిక్కు ఈయనే.

ఇంకో మూడు నెలలు కూడా పూర్తి కాలేదు. 2002 మార్చి 3, ఆదివారం. భీమవరంలో హెలికాప్టర్ ఎక్కారు. కైకలూరు దగ్గర చేపల చెరువులో కూలిపోయింది. పైలట్, ఆయన సెక్యూరిటీ మనిషి, ఆయన, ముగ్గురూ పోయారు. యాభై ఏళ్ళు. గోదావరి, ఏర్లు, కాలవలు దాటి బతికిన మనిషి నీళ్ళలోనే పోయాడని మా ఊళ్ళో ఆడవాళ్ళు అనుకోవడం నేను విన్నాను.

తర్వాత జరిగిన ఉప ఎన్నికలో ఆయన భార్య విజయకుమారి గారు అమలాపురం నుంచి గెలిచారు. 2024లో వాళ్ళబ్బాయి హరీష్ మాధుర్ అదే సీటు నుంచి వెళ్ళారు. ఢిల్లీలో పార్లమెంటు లైబ్రరీ భవనంలో ఆడిటోరియంకి ఆయన పేరు పెట్టారు. కోటిపల్లి నుంచి నర్సాపురం దాకా రైలు కావాలని ఆయన తిరిగిన తిరుగుడికి 2000-01 బడ్జెట్‌లో లైన్ మంజూరైంది, ఆ రైలు ఇంకా రాలేదు, మీ పిల్లలైనా ఎక్కుతారేమో చూడాలి.

పంటు దగ్గరికి వస్తానన్నాను కదా. యెదుర్లంక, యానాం మధ్య బ్రిడ్జి కోసం ఆయన పట్టుబట్టారు. అది 2002లో తెరిచారు, ఆయన పోయిన ఏడాదే. పేరు బాలయోగి వారధి. దాని మీద ఆయన ఒక్కసారి కూడా ఆ ఒడ్డు నుంచి ఈ ఒడ్డుకి కార్లో రాలేదు. నేను ఆ దారిలో అమలాపురం కోర్టుకి వెళ్ళినప్పుడల్లా డ్రైవర్‌ని కాస్త నెమ్మదిగా పోనీ అంటాను, వెనకాల లారీవాడు హారన్ కొడతాడు.

సరే, టీ కప్పుల చప్పుడు వినిపిస్తోంది. ప్రిన్సిపాల్ గారు అడగమన్నారు కాబట్టి ఒక పని ఇస్తున్నాను. 1999 ఏప్రిల్ 17, కుర్చీలో మీరు. గమాంగ్ ఓటు మీద అభ్యంతరం వచ్చింది. రూలింగ్ రాయండి. ఆపాలనుకుంటే ఆపండి, ఏ అధికరణం కింద ఆపారో రాయాలి. వదలాలనుకుంటే వదలండి, మనస్సాక్షి అన్న మాట వాడకూడదు. రెండు పేజీలు దాటొద్దు. వచ్చే శనివారం లోపు ఇవ్వండి, వాయిదాలు లేవు.